ఈజీడీ రిపోర్టు చదివి సరైన సీపీటీ కోడ్ ఎంచుకోవడం ఎలా?

మీ ప్రశ్నను ముందుగా నా మాటల్లో చెబుతాను, నేను సరిగ్గా అర్థం చేసుకున్నానో లేదో మీకు తెలుస్తుంది. మీరు సీపీసీ (మెడికల్ కోడర్ల ధ్రువీకరణ పరీక్ష) పాసై, మూడు నెలల క్రితం హైదరాబాద్‌లో ఒక సంస్థ గ్యాస్ట్రో బృందంలో చేరారు. అమెరికాలో ఒక రోగికి పై జీర్ణనాళ ఎండోస్కోపీ, అంటే ఈజీడీ, జరిగింది. డాక్టరు ఆంట్రం (జీర్ణాశయం కింది భాగం) నుంచి బయాప్సీ తీశారు. జీర్ణాశయం మధ్యభాగంలో ఉన్న పాలిప్‌ను స్నేర్‌తో, అంటే తీగ ఉచ్చుతో, తొలగించారు. ఆహారవాహిక కింది భాగం ఇరుకుగా ఉంటే 15 మిల్లీమీటర్ల బెలూన్‌తో వెడల్పు చేశారు. మీరు బిల్లులో 43235, 43239, 43251, 43249 అనే నాలుగు సీపీటీ కోడ్‌లూ (డాక్టరు చేసిన పనిని తెలిపే అంకెలు) వేశారు. ఆడిటర్ తప్పని గుర్తుపెట్టారు, కారణం మాత్రం రాయలేదు. ‘ఇన్ని కోడ్‌లు ఒకేలా కనిపిస్తుంటే ఏది వేయాలో ఎలా తెలుసుకోవాలి?’ అని అడిగారు.

సూటిగా చెప్పాలంటే: 43251, 43249, 43239-59 (59 అనేది మాడిఫయర్, అంటే కోడ్ పక్కన పెట్టే అదనపు గుర్తు). అంతే. 43235 తీసేయండి.

43235 అంటే చూసి రావడానికి మాత్రమే చేసిన ఈజీడీ. బ్రష్‌తోనో కడిగిన నీటితోనో నమూనా తీసుకున్నా అందులోకే వస్తుంది. అదే ఎండోస్కోపీలో బయాప్సీ గానీ, తొలగింపు గానీ, మరే చికిత్స గానీ జరిగితే ఆ ‘చూడటం’ చికిత్స కోడ్‌లో కలిసిపోతుంది. దానికి వేరే బిల్లు ఉండదు. ఏ మాడిఫయర్ పెట్టినా ఈ నియమం మారదు. మీ ఆడిటర్ పట్టుకున్నది మొదట ఇదే అయి ఉంటుంది. రెండోది బహుశా 43239 మీద 59 లేకపోవడం. దాని గురించి కింద వివరంగా రాస్తాను.

నేను పద్నాలుగేళ్లుగా గ్యాస్ట్రో కోడింగ్‌లోనే ఉన్నాను. మొదటి ఆరేళ్లు కోడర్‌గా, ఆ తర్వాత ఆడిటర్‌గా పనిచేశాను. కొత్తవాళ్ల పనిని రోజూ చూస్తాను కాబట్టి ఒక మాట ఖాయంగా చెప్పగలను. గ్యాస్ట్రోలో పొరపాట్లు కోడ్ పుస్తకం తెలియక జరిగేవి తక్కువ. రిపోర్టు పైనున్న శీర్షిక చదివి, కింద ఉన్న వివరణ చదవకపోవడం వల్ల జరిగేవే ఎక్కువ. ‘ఈజీడీ విత్ బయాప్సీ’ అని శీర్షికలో ఉంటే చాలామంది చేయి నేరుగా 43239 మీదకు పోతుంది. శీర్షికను చాలా చోట్ల సాఫ్ట్‌వేరే నింపుతుంది, లేదా ప్రొసీజర్ మొదలవకముందే నర్సు ఎంచుకుంటుంది. లోపల నిజంగా ఏం జరిగిందో డాక్టరు చెప్పిన వివరణలోనే ఉంటుంది. ఆ వివరణ చదివేటప్పుడు స్కోప్ ఎంతవరకు వెళ్లింది, ఏ పరికరం వాడారు, ఏ గాయం మీద వాడారు, ఎందుకు వాడారు అని వెతకండి. ఈ నాలుగూ దొరికితే కోడ్ దానంతట అదే తేలుతుంది.

స్కోప్ ఎంతవరకు వెళ్లింది?

ఆహారవాహిక మొదలు నుంచి అది జీర్ణాశయాన్ని కలిసే చోటు వరకు చూస్తే అది ఈసోఫేగోస్కోపీ. నోటి ద్వారా వంగే స్కోప్‌తో చేస్తే 43200తో మొదలయ్యే వరుస. గట్టి స్కోప్‌కు 43191 నుంచి 43196 వరకు, ముక్కు ద్వారా వెళితే 43197, 43198. స్కోప్ జీర్ణాశయంలోకి కొద్దిగా వెళ్లి, వెనక్కి మడతపడి పైభాగాన్ని చూసి వచ్చినంత మాత్రాన అది ఈజీడీ అయిపోదు. పైలోరస్ (జీర్ణాశయం నుంచి పేగులోకి వెళ్లే ద్వారం) దాటి డుయోడినంలోకి, అంటే ఆంత్రమూలంలోకి, వెళ్లినప్పుడే ఈజీడీ. గతంలో జీర్ణాశయానికి శస్త్రచికిత్స జరిగి జెజునాన్ని (చిన్నపేగు మధ్యభాగాన్ని) నేరుగా కలిపిన రోగుల్లో జెజునం వరకు వెళ్లినా ఈజీడీయే. పైలోరస్ దాటి కనీసం 50 సెంటీమీటర్లు చిన్నపేగులోకి వెళితే ఎంటెరోస్కోపీ, అంటే 44360 వరుస. ఆ దూరం రిపోర్టులో రాసి ఉండాలి. ‘చాలా లోపలికి వెళ్లాం’ అన్న మాటకు ఎంటెరోస్కోపీ కోడ్ రాదు.

మరి ఈజీడీ అనుకుని మొదలుపెట్టి డుయోడినం చూడకపోతే? ఇది తరచూ ఎదురవుతుంది. జీర్ణాశయం నిండా ఆహారం నిలిచి ఉంటుంది, ముందుకు వెళ్లడం ప్రమాదమని డాక్టరు ఆగిపోతారు. లేదా డుయోడినం చూడాల్సిన అవసరం లేదని నిర్ణయిస్తారు. అప్పుడు ఈజీడీ కోడే వేసి, మళ్లీ చేసే ఆలోచన లేకపోతే 52, మళ్లీ చేయాలనుకుంటే 53 జోడించాలని సీపీటీ మార్గదర్శకమే చెబుతోంది. ‘రెండు వారాల తర్వాత తిరిగి రమ్మన్నాం’ అన్న ఒక్క వాక్యం మాడిఫయర్‌ను మార్చేస్తుంది. అందుకే రిపోర్టు చివర ఉండే సలహాల భాగాన్ని వదిలేయకండి. ఇవి డాక్టరు వైపు బిల్లుకు. ఆసుపత్రి వైపు బిల్లులో ఆపేసిన ప్రొసీజర్‌కు 73, 74 వాడతారు. మత్తుకు ముందే ఆపితే 73, మత్తు ఇచ్చాక ఆపితే 74.

ఏ పరికరం? డాక్టరు ఉద్దేశం కాదు, చేతిలోని పరికరం చూడండి

పాలిప్ పూర్తిగా పోయిందా, కొద్దిగా మిగిలిందా అన్నది ఇక్కడ ప్రశ్న కాదు. ఏ పద్ధతిలో తీశారన్నదే ముఖ్యం. విద్యుత్తు వాడని మామూలు ఫోర్‌సెప్స్‌తో పాలిప్ మొత్తాన్ని తీసేసినా అది 43239 మాత్రమే. హాట్ బయాప్సీ ఫోర్‌సెప్స్‌తో తొలగిస్తే 43250. స్నేర్ ఉచ్చు బిగించి కోస్తే 43251. స్నేర్‌లో విద్యుత్తు వాడారా లేదా అన్నదానితో సంబంధం లేదు, కోల్డ్ స్నేర్‌కైనా ఇదే. ‘పాలిపెక్టమీ చేశాం’ అని మాత్రమే రాసి పరికరం పేరు రాయకపోతే మీరు ఊహించకూడదు. డాక్టరును అడగాలి.

సబ్‌మ్యూకోసాలోకి (లోపలి పొర కిందికి) సెలైన్ ఎక్కించి పాలిప్‌ను పైకి లేపి స్నేర్‌తో తీస్తే, దాన్ని వెంటనే ఈఎంఆర్ (ఎండోస్కోపిక్ మ్యూకోసల్ రిసెక్షన్) అనుకుని 43254 వేసేవారిని చాలామందిని చూశాను. 43254 రావాలంటే మూడు పనులు జరగాలి: ఇంజెక్షన్‌తో గాయాన్ని లేపడం, దాని అంచులను గుర్తుపెట్టడం, స్నేర్‌తోనో బ్యాండ్‌తోనో కోసి తీయడం. గుర్తుపెట్టడం జరగలేదంటే 43254 లేదు. అప్పుడు 43251, ఇంజెక్షన్‌కు 43236 వస్తాయి. మూడూ జరిగి 43254 వేస్తే, అదే గాయానికి 43236, 43239, 43251 వేయకూడదు. అవన్నీ అందులోనే ఉన్నాయి.

వెడల్పు చేయడం: ఎక్కువ పొరపాట్లు ఇక్కడే

మీ కేసులో బెలూన్‌ను స్కోప్ లోపలి నుంచే పంపారు, సైజు 15 మిల్లీమీటర్లు, చోటు ఆహారవాహిక. కాబట్టి 43249 సరైనదే. కానీ రేపు మీకు వచ్చే రిపోర్టు ఇంత స్పష్టంగా ఉండదు.

స్కోప్ ద్వారా గైడ్‌వైర్ వేసి, స్కోప్ బయటికి తీసి, ఆ తీగ మీదుగా సేవరీ వంటి డైలేటర్లను పంపితే 43248. స్కోప్‌లోంచి బెలూన్ పంపి ఆహారవాహికను 30 మిల్లీమీటర్ల కన్నా తక్కువ వ్యాసానికి వెడల్పు చేస్తే 43249. బెలూన్ 30 మిల్లీమీటర్లు లేదా అంతకన్నా పెద్దదైతే 43233. అది సాధారణంగా అకలేసియా (ఆహారవాహిక కింది కండరం సడలని జబ్బు) రోగుల్లో కనిపిస్తుంది, ఫ్లోరోస్కోపీ వాడితే అదీ అందులో కలిసే ఉంటుంది. ఇరుకు ఆహారవాహికలో కాకుండా పైలోరస్ దగ్గరో డుయోడినంలోనో ఉంటే, బెలూన్ వాడినా డైలేటర్ వాడినా 43245. గైడ్‌వైర్ లేకుండా మెలోనీ డైలేటర్‌ను నేరుగా నోటి ద్వారా పంపితే 43450. అది ఎండోస్కోపీ వరుసలోని కోడ్ కాదు. ముందుగా చేసిన ఈజీడీతో కలిపి దాన్ని వేయవచ్చా అన్నది ఆ త్రైమాసికపు ఎన్‌సీసీఐ పట్టిక (ఏ రెండు కోడ్‌లు కలిపి వేయకూడదో చెప్పే పట్టిక) చూసి నిర్ణయించండి.

కోడర్‌గా నా రెండో ఏడాదిలో జరిగిన సంగతి చెబుతాను. ఒక క్లినిక్‌కు చెందిన డాక్టరు ‘డైలేషన్ డన్ టు 54’ అని రాసేవారు. 54 ఏమిటో రాసేవారు కాదు. మా బృందంలో ఒకరు దాన్ని మిల్లీమీటర్లు అనుకుని 30 దాటింది కదా అని 43233 వేశారు. అదే పద్ధతిని మిగతావాళ్లమూ అనుసరించాం, నేను కూడా. నిజానికి అది ఫ్రెంచ్ కొలత. మూడు ఫ్రెంచ్‌లు ఒక మిల్లీమీటరు, కాబట్టి 54 ఫ్రెంచ్ అంటే 18 మిల్లీమీటర్లు. ఆహారవాహికను 54 మిల్లీమీటర్లకు సాగదీస్తే అది చీలిపోతుందని మాలో ఒక్కరికీ తట్టలేదు. అంతర్గత ఆడిట్‌లో బయటపడేసరికి కొన్ని వారాల క్లెయిమ్‌లు వెళ్లిపోయాయి. అన్నింటినీ వెనక్కి తీసి సరిచేశాం. ఆ రోజు నుంచి అంకె పక్కన కొలమానం లేకపోతే నేను కోడ్ వేయను. మీరూ వేయకండి. మీ రిపోర్టులో 15 పక్కన మిల్లీమీటర్లు అని రాసి ఉందో లేదో ఒకసారి చూసుకోండి. మూడో వంతు చేసినా, చేయకపోయినా 30 లోపే ఉంటుంది కాబట్టి మీ కోడ్ మారదు. కానీ ఆ అలవాటు ఇప్పుడే పడాలి.

మరొకటి. అబ్లేషన్‌కు (గాయాన్ని కాల్చివేయడానికి) 43270, స్టెంట్‌కు 43266. ఈ రెండింటిలోనూ ముందూ వెనకా చేసే వెడల్పు, గైడ్‌వైర్ పంపడం కలిసే ఉన్నాయి. కాబట్టి అదే చోటికి 43248, 43249 అదనంగా వేయకూడదు. అమీర్‌పేటలో చేతులు మారుతూ తిరిగే పాత జిరాక్స్ నోట్సులో అబ్లేషన్‌కు 43258, స్టెంట్‌కు 43256 అని ఉండటం ఇప్పటికీ చూస్తున్నాను. 2014లో పై జీర్ణనాళ కోడ్‌లను పెద్ద ఎత్తున మార్చినప్పుడే అవి రెండూ తొలగిపోయాయి. 43233, 43254 వచ్చింది కూడా ఆ ఏడాదే. మీ దగ్గర ఏ నోట్సు ఉన్నా సరే, కోడ్ వేసే ముందు సేవ జరిగిన సంవత్సరపు సీపీటీ పుస్తకంలో ఆ కోడ్ ఉందో లేదో చూడండి.

రక్తస్రావం: ఎవరి వల్ల మొదలైందో చూడండి

43255 అంటే ఏ పద్ధతిలోనైనా సరే రక్తస్రావాన్ని ఆపడం. డుయోడినంలో పుండు నుంచి రక్తం కారుతోంది, ఎపినెఫ్రిన్ ఇంజెక్షన్ చేసి ఆపైన రెండు క్లిప్‌లు పెట్టారు అనుకోండి. 43255 ఒక్కసారే వస్తుంది. ఇంజెక్షన్‌కు 43236 వేయకూడదు. అది టాటూ గుర్తుకో, బొటాక్స్‌కో, పాలిప్‌ను లేపే సెలైన్‌కో వాడే కోడ్. ఇంజెక్షన్ అన్న మాట కనబడగానే 43236 వేయకండి, ఎందుకు చేశారో చూడండి.

ఉబ్బిన సిరలైతే, అంటే వేరిసెస్ అయితే, దారి వేరు. బ్యాండ్ వేస్తే 43244, స్క్లీరోసిస్ ఇంజెక్షన్ చేస్తే 43243. రక్తం కారుతున్నా సరే, అదే సిరకు 43255 కలపకూడదు. వేరిసెస్ కాని గాయం నుంచి కారే రక్తాన్ని బ్యాండ్ వేసి ఆపితే అప్పుడు 43255.

ఆర్గాన్ ప్లాస్మా (గాయాన్ని కాల్చే పరికరం) వాడిన రిపోర్టుల్లోనూ ఇదే జాగ్రత్త కావాలి. యాంజియోడిస్‌ప్లేజియా (అసహజంగా ఉబ్బిన చిన్న రక్తనాళాలు) నుంచి రక్తం కారుతుంటే దాన్ని కాల్చి ఆపినప్పుడు 43255. రక్తం కారకుండా ఉన్నదాన్ని ముందుజాగ్రత్తగా కాల్చివేస్తే 43270. పరికరం ఒకటే, గాయమూ ఒకటే, కోడ్ మాత్రం వేరు. ఐసీడీ (రోగనిర్ధారణ కోడ్) కూడా దానికి తగినట్టే ఉండాలి: రక్తస్రావం ఉంటే కే31.811, లేకపోతే కే31.819. 43255 పక్కన కే31.819 ఉన్న క్లెయిమ్‌ను చూడగానే ఏ ఆడిటరైనా ఆగిపోతాడు.

ఇప్పుడు అన్నింటికన్నా ముఖ్యమైనది. డాక్టరు చేసిన పని వల్లే మొదలైన రక్తస్రావాన్ని అక్కడే ఆపితే దానికి 43255 లేదు. పాలిప్ కోసిన చోట రక్తం వచ్చింది, క్లిప్ పెట్టారు. అది ఆ పాలిప్ పనిలో భాగమే. రోగికి ఆ బిల్లు వెళ్లకూడదు. నేను ఆడిటర్‌గా చేరిన కొత్తలో ఒక డాక్టరు గారి ఏడాది క్లెయిమ్‌లు పరిశీలించాను. బయాప్సీ తర్వాత క్లిప్ పెట్టిన ప్రతిచోటా 43239తో పాటు 43255-59 ఉంది. రిపోర్టులు తెరిచి చూస్తే ప్రతిదాంట్లోనూ దాదాపు ఒకే వాక్యం: బయాప్సీ తీసిన చోట ఊట కనిపించింది, క్లిప్ పెట్టాం. అందులో ఒక్కదానికీ 43255 నిలవదు. బీమా సంస్థకు తిరిగి చెల్లించాల్సి వచ్చింది. అంతకన్నా నన్ను బాధపెట్టింది మరొకటి. అమెరికాలో డిడక్టబుల్ (బీమా చెల్లించేలోపు రోగి సొంతంగా కట్టాల్సిన మొత్తం) పూర్తికాని రోగులు చాలామంది ఆ సొమ్మును సొంత జేబులోంచి కట్టారు. తమకు జరగని చికిత్సకు కట్టారు. మనం ఇక్కడ రాత్రి షిఫ్టులో ఒక గడిలో నింపే ఐదంకెలు అక్కడ ఒకరి ఇంటికి ఉత్తరంగా వెళతాయి. అందుకే ఈ నియమం గురించి ఎవరు అడిగినా ఇంత గట్టిగా చెబుతాను.

ఏ చోట? 59 ఎప్పుడు పెట్టాలి?

మళ్లీ మీ కేసుకు వద్దాం. 43251, 43239 రెండూ ఒకే రోజు కనిపిస్తే ఎన్‌సీసీఐ పట్టిక రెండోదాన్ని మొదటిదాంట్లో కలిపేస్తుంది. ఒకే పాలిప్ నుంచి ముందు ముక్క తీసి, తర్వాత దాన్నే స్నేర్‌తో తొలగిస్తే అది సబబే. తొలగింపుకు మాత్రమే కోడ్ వేయాలి. మీ రిపోర్టులో మాత్రం బయాప్సీ ఆంట్రం నుంచి, పాలిప్ మధ్యభాగంలో. రెండు వేర్వేరు గాయాలు. కాబట్టి 43239కు 59 పెడతాం. 2015 జనవరి నుంచి మెడికేర్ (అమెరికా ప్రభుత్వ ఆరోగ్య బీమా) ఎక్స్‌ఎస్ అనే మాడిఫయర్‌ను కూడా తీసుకుంటోంది, దాని అర్థం వేరే అవయవ భాగం అని. చెల్లించే సంస్థ ఏది అడిగితే అది వాడండి.

ఎన్‌సీసీఐ పట్టికలో ప్రతి జంట పక్కన ఒక అంకె ఉంటుంది. 1 ఉంటే సరైన కారణం ఉన్నప్పుడు మాడిఫయర్‌తో రెండూ వేయవచ్చు. 0 ఉంటే ఏం చేసినా వేయకూడదు. పట్టిక మూడు నెలలకోసారి మారుతుంది. పాత ఎక్సెల్ ఫైలు దాచుకుని ఏడాదంతా వాడటం వల్ల మంచి కోడర్లు కూడా తప్పు చేయడం చూశాను. ‘59 పెడితే క్లెయిమ్ పాసవుతుంది’ అని మీకు ఎవరైనా చెబితే నమ్మకండి. అది క్లెయిమ్‌ను తోసే చెయ్యి కాదు. రెండు చోట్లు వేరని మీరు సంతకం పెట్టి చెప్పడం. రిపోర్టులో ఆ రెండు చోట్ల పేర్లు లేకుండా 59 పెట్టకూడదు.

ఒకే పద్ధతిని ఎన్ని చోట్ల వాడినా కోడ్ ఒక్కసారే. ఆంట్రం, ఫండస్, డుయోడినం నుంచి మొత్తం తొమ్మిది ముక్కలు తీసినా 43239 ఒక్కటే. యూనిట్లు పెంచకూడదు.

డబ్బు లెక్క కూడా తెలిసి ఉంటే మంచిది. ఈ కోడ్‌లన్నీ ఒకే కుటుంబం, మూల కోడ్ 43235. మెడికేర్ అత్యధిక విలువ ఉన్నదానికి పూర్తిగా చెల్లించి, మిగతా ప్రతి కోడ్‌కు మూల కోడ్‌తో ఉన్న తేడా మాత్రమే ఇస్తుంది. లెక్క కోసం 43235కు 100, 43239కు 115, 43251కు 165 అనుకుందాం. రెండు చికిత్సలూ జరిగితే వచ్చేది 280 కాదు. 165కు 15 కలిపి 180. పక్కన 43235 వేయడం ఎందుకు తప్పో ఇది చూస్తే ఇంకా స్పష్టమవుతుంది. ఆ మూల విలువను అత్యధిక కోడ్‌లో ఇప్పటికే ఒకసారి లెక్కగట్టారు. అదే రోజు కొలనోస్కోపీ కూడా జరిగితే అది వేరే కుటుంబం, దాని లెక్క వేరుగా సాగుతుంది.

ఐసీడీ వైపు

మీరు దీని గురించి అడగలేదు, కానీ సీపీటీ సరిగ్గా ఉండి డినయల్ (బీమా సంస్థ తిరస్కరణ) వచ్చిందంటే నేను మొదట చూసేది ఇదే. ప్రతి సీపీటీ వరుసకూ దాని కారణాన్నే కలపాలి. మీ కేసులో 43249కు కే22.2, అంటే ఆహారవాహిక ఇరుకు. 43251కు పాలిప్. 43239కు ఆంట్రంలో కనిపించినది. నాలుగు రోగనిర్ధారణలను మూడు వరుసలకూ గంపగుత్తగా తగిలించకండి. రోగి మింగలేకపోతున్నానని వచ్చారు కదా అని ఆర్13.10 కూడా వేయాలా అంటే, ఇరుకు వల్లే మింగలేకపోతున్నారని తేలింది కాబట్టి లక్షణానికి వేరే కోడ్ అవసరం లేదు. ఏ కారణమూ దొరకనప్పుడు లక్షణమే కోడ్.

పాథాలజీ రిపోర్టు కోసం ఆగండి. జీర్ణాశయ పాలిప్ మామూలుదైతే కే31.7, ఎడినోమా అని వస్తే డీ13.1. ఈ రెండూ కలిపి వేయకూడదు. ఆంట్రంలో గ్యాస్ట్రైటిస్‌తో పాటు హెచ్. పైలోరీ తేలితే బీ96.81 అదనంగా వస్తుంది. చాలా బృందాల్లో క్లెయిమ్‌ను ఒకటి రెండు రోజుల్లో పంపేయాలన్న ఒత్తిడి ఉంటుంది. పాథాలజీ రాకముందే పంపాల్సి వస్తే, ఆ రోజుకు డాక్టరు నిశ్చయంగా చెప్పినదాన్నే వేయండి.

నిశ్చయంగా అన్న మాటను నొక్కి చెబుతున్నాను. ఔట్‌పేషెంట్ కోడింగ్‌లో ‘అనుమానం’, ‘కావచ్చు’, ‘లేదని తేల్చుకోవాలి’ అన్న మాటలకు రోగం కోడ్ వేయకూడదు. ‘బారెట్స్ అనుమానం, బయాప్సీ తీశాం’ అని ఉంటే కే22.70 వేయడానికి లేదు. బారెట్స్ ఆహారవాహిక క్యాన్సర్‌కు దారితీయగల స్థితి. అది లేని మనిషి రికార్డులో ఒకసారి పడితే ఏళ్ల తరబడి వెంటాడుతుంది. చూసిన మార్పునో, వచ్చిన లక్షణాన్నో కోడ్ చేసి ఊరుకోండి. పాథాలజీ ధ్రువీకరించాక, డిస్‌ప్లేజియా (కణాల్లో అసహజ మార్పు) లేకపోతే కే22.70, తక్కువ స్థాయి ఉంటే కే22.710, ఎక్కువ స్థాయి ఉంటే కే22.711. రిఫ్లక్స్ విషయంలోనూ అంతే: ఆహారవాహికలో మంట లేకపోతే కే21.9, ఉండి రక్తస్రావం లేకపోతే కే21.00, రక్తస్రావం ఉంటే కే21.01. ఐదో అక్షరంతో ఉన్న ఈ విభజన 2020 అక్టోబరు నుంచి అమల్లో ఉంది. అంతకుముందు వాడిన కే21.0 ఇప్పుడు చెల్లదు.

మత్తు సంగతి క్లుప్తంగా. 2017 నుంచి మోడరేట్ సెడేషన్ ఎండోస్కోపీ కోడ్‌లలో భాగం కాదు. ఎండోస్కోపీ చేసిన డాక్టరే ఇస్తే మెడికేర్‌కు జీ0500, ఇతర సంస్థలకు చాలావరకు 99152. సమయం రాసి ఉండాలి, కనీసం పది నిమిషాలు. అనెస్థీషియా డాక్టరు వేరుగా వస్తే ఆయన బిల్లులో 00731, ఈజీడీతో పాటు కొలనోస్కోపీ కూడా ఉంటే 00813. అది మన వరుసలోకి రాదు.

రిపోర్టు చెప్పకపోతే

పరికరం పేరు లేదు, చోటు లేదు, కొలమానం లేదు. అప్పుడు డాక్టరుకు క్వెరీ పంపాలి. క్వెరీ పంపితే టార్గెట్ తగ్గుతుందని కొత్తవాళ్లు భయపడతారు, ఆ భయం నాకు తెలుసు. అయినా పంపండి. కాకపోతే సమాధానాన్ని ప్రశ్నలోనే పెట్టి అడగకూడదు. ‘పాలిప్‌ను స్నేర్‌తో తీశారు కదా, నిర్ధారించండి’ అని రాయడం తప్పు. ‘జీర్ణాశయ మధ్యభాగంలోని పాలిప్‌ను తొలగించినట్టు రాశారు. ఏ పద్ధతిలో తొలగించారో రిపోర్టులో చేర్చగలరా?’ అని రాయండి. సమాధానం ఈమెయిల్‌లో వస్తే సరిపోదు, రిపోర్టుకు తేదీతో అనుబంధంగా చేరాలి. రేపు ఎవరైనా తిరగదోడితే రిపోర్టునే చూస్తారు, మీ ఇన్‌బాక్స్‌ను కాదు.

జరిగిన పనికి సరిపోయే కోడ్ పుస్తకంలో అసలు లేకపోతే, దగ్గరగా ఉన్నదేదో వేసి సరిపెట్టకండి. ఆహారవాహికకు 43499, జీర్ణాశయానికి 43999 అని జాబితాలో లేని పనుల కోసమే కోడ్‌లు ఉన్నాయి. వాటితో పాటు రిపోర్టు జతచేయాలి, చెల్లింపు ఆలస్యమవుతుంది. అయినా అదే సరైన దారి.

ఇక మీ ఆడిటర్ విషయం. కారణం రాయని ఆడిట్‌ను అలాగే ఒప్పుకోవద్దు. మర్యాదగా ఒక మెయిల్ పెట్టండి: ‘43235ను తొలగిస్తున్నాను, 43239కు 59 చేర్చుతున్నాను. చోట్లు వేరని రిపోర్టులోని ఫలానా వాక్యం చెబుతోంది. ఇంకేమైనా తప్పుందా?’ అని. వాక్యాన్ని యథాతథంగా అందులో పెట్టండి. మంచి ఆడిటరైతే దానికి జవాబిస్తారు. క్లెయిమ్ ఇంకా వెళ్లకపోతే సరిచేసి పంపడమే. వెళ్లిపోయి ఉంటే ఈరోజే మీ టీమ్ లీడ్‌కు చెప్పి సరిచేసిన క్లెయిమ్ పంపించండి. మెడికేర్ రోగి అయితే ఇంకా త్వరపడాలి, అదనంగా వచ్చిన సొమ్మును గుర్తించాక తిరిగి ఇవ్వడానికి నిబంధనల్లో 60 రోజుల గడువు ఉంది.

మెయిల్ పంపే ముందు రిపోర్టులో ఒక్క విషయం మళ్లీ చూడండి. స్నేర్ వేయడానికి ముందు ఆ పాలిప్ నుంచి కూడా బయాప్సీ తీశారా? తీసినా మీ 43239 నిలుస్తుంది, ఎందుకంటే ఆంట్రం బయాప్సీ ఉంది. కానీ మెయిల్‌లో మీరు చూపించే వాక్యం ఆంట్రం గురించి రాసినదే అయి ఉండాలి, పాలిప్ గురించి రాసినది కాదు.